పట్నాన్ని పది నిమిషాల్లో చూపడం

మహానగరాన్ని ఒక చిన్న డాక్యుమెంటరీలో ఇమడ్చడం ఎలాగని విద్యార్థులు అడిగినప్పుడు మేము 1929 నాటి డచ్చి చిత్రం ‘వాన’ను ముందుగా ప్రస్తావిస్తాం. యోరిస్ ఈవెన్స్, మానస్ ఫ్రాంకెన్ తీసిన ఆ పన్నెండు నిమిషాల చిత్రంలో ఆమ్‌స్టర్‌డామ్ మీద ఒక జల్లు కురిసి వెలుస్తుంది, అంతే. నిజానికి అది ఒక్క వాన కాదు. నెలల తరబడి చిత్రించిన అనేక వానల ముక్కలను అతికి ఒక్కటిగా భ్రమింపజేశారు. గతాన్ని తలచుకొనే నగరచిత్రాల కిటుకూ ఇదే. వేర్వేరు ఏళ్ళను కుట్టి ‘ఆ రోజులు’ అనే ఒక రోజును తయారుచేస్తాయి.

మద్రాసు సంగతికి వద్దాం. (1996 నుంచి చెన్నై, మన పెద్దల నోట పట్నమే.) ఇక్కడ ట్రాములు 1895 నుంచి 1953 దాకా నడిచాయి. బొంబాయిలో పుట్టిన ఆంధ్రపత్రిక 1914లో ఇక్కడికి వచ్చి దినపత్రిక అయింది. 1952 డిసెంబరు 15న పొట్టి శ్రీరాములు మైలాపూరులో ప్రాణం విడిచారు. ఈ మూడింటినీ వరసగా చూపి వెనుక వీణ వినిపిస్తే కళ్ళు చెమరుస్తాయి. కాని ఆ ట్రాములో తమిళుడూ తెలుగువాడూ పక్కపక్కన కూర్చున్నారనీ, ‘మద్రాసు మనదే’ అన్న నినాదం వారి మధ్య దూరం పెంచిందనీ ఆ వీణ చెప్పదు. ఆ నినాదాన్నే జ్ఞాపకాల మాటున మళ్ళీ పలికించే చిత్రం మాకు రుచించదు.

తెలుగు, తమిళం, కన్నడం ఒకే కుటుంబమనీ, సంస్కృతం నుంచి పుట్టినవి కావనీ ఎల్లిస్ 1816లో నిరూపించింది ఈ ఊళ్ళోనే, కాంప్‌బెల్ తెలుగు వ్యాకరణపు పీఠికకు చేర్చిన వ్యాసంలో. కాల్డ్వెల్ గ్రంథానికి నలభై ఏళ్ళ ముందు! నగరచిత్రాల్లో ఈ ముచ్చట మాకు ఎక్కడా తగలలేదు. చూపడానికి దానికి గుమ్మటం లేదు మరి.

అసలు చిక్కు ఇంకొకటి. ‘వాన’ మూగచిత్రం. ఆమ్‌స్టర్‌డామ్ జల్లుకు అది చాలింది, పట్నపు తెలుగుకు చాలదు. ఇక్కడి తెలుగు గోడల మీద కన్న నోళ్ళలో ఎక్కువ. తెలుగు చదవడం రాని మన పిల్లలు తెలుగు పాటను తమిళ లిపిలో రాసుకుంటారు. అక్కడ క, ఖ, గ, ఘ నాలుగింటికీ ఒకే అక్షరం. రాసినది ‘కాలి’యో ‘గాలి’యో రాసినవారికి తెలుసు. వారి మనుమలకు ఆ కాగితం చేరుతుంది, పలుకు చేరదు.

కనుక చిత్రం తీయదలచినవారు ముందు ఇంట్లో పెద్దవారిని మాట్లాడించండి. చేతిలోని ఫోను చాలు. ఏ వీధి, ఏ సంవత్సరం అని అడిగి రాసుకోండి. వీణ సంగతి తరువాత చూసుకోవచ్చు.