పరాయి యింటి పిల్లలు

1940వ సంవత్సరము అక్టోబరు 13వ తేదీన పదునాలుగేండ్ల రాకుమారి ఎలిజబెత్ బి.బి.సి. బాలల కార్యక్రమమున తన తొలి రేడియో ప్రసంగము చేసెను. ఇల్లు విడిచి, తల్లిదండ్రులకు దూరముగా నున్న పిల్లలను ఉద్దేశించి ఆమె మాటాడినది. అట్టి పిల్లలు అప్పుడు లక్షలలో నుండిరి.

అంతకు ఏడాది ముందు, 1939 సెప్టెంబరు 1వ తేదీన, ఇంగ్లండు నగరములలోని రైలు స్టేషనులు బాలబాలికలతో నిండిపోయెను. ఒంటిమీద పేరు వ్రాసిన చీటీ, భుజమున విషవాయువునుండి కాపాడు ముసుగుగల పెట్టె, చేతిలో చిన్న మూట. వెంట నున్నది ఉపాధ్యాయులే. తమ బిడ్డ యే యూరు చేరునో పెక్కుమంది తల్లులకు తెలియదు. పసిబిడ్డల తల్లులతోను, ఉపాధ్యాయులతోను కలిపి కొలది దినములలో సుమారు 15 లక్షలమంది తరలిరి. పల్లెలోని సమావేశమందిరమున పిల్లలను వరుసగా నిలువబెట్టగా, ఊరివారు వచ్చి తమకు నచ్చినవారిని ఎంచుకొనెడివారు. చివరివరకు ఎవరును ఎంచుకొనని పిల్లవాని మనసెట్లుండునో మన మూహింపవచ్చును.

ఈ వలసనుండి ఆంగ్లమున గొప్ప బాలసాహిత్యము పుట్టినది. సి. ఎస్. లూయిస్ 1950లో వెలువరించిన ‘ది లయన్, ది విచ్ అండ్ ది వార్డ్‌రోబ్’ లోని నలుగురు తోబుట్టువులును వైమానిక దాడుల మూలమున లండను విడిచినవారే. కాని ఆ కథకు వలస వాకిలి మాత్రమే. వలసనే కథగా చేసికొన్న వానిలో రెండింటిని గూర్చి చెప్పదలచితిమి.

మిషెల్ మగోరియన్ వ్రాసిన ‘గుడ్‌నైట్ మిస్టర్ టామ్’ 1981లో వెలువడెను. భార్య పోయి నలుబదియేండ్లుగా ఎవరితోను కలియని ముసలివాని యింటికి విల్లీ అను బక్కపిల్లవాడు వచ్చును. వాని యొడలిపై దెబ్బల గుర్తులు. రాత్రి పడక తడుపును. ఆ దెబ్బలు తల్లి కొట్టినవి. లండనులో శిశుగృహములు నడపిన ఆనా ఫ్రాయిడ్, డొరోతీ బర్లింగ్‌హామ్ అను వారు, బాంబులకంటె తల్లి యెడబాటే పసివారిని ఎక్కువగా కలచివేయునని యుద్ధకాలముననే వ్రాసిరి. అది సత్యమే. అయినను ఎడబాటే మేలైన బిడ్డలును ఉందురని ఈ నవల చూపును.

నీనా బాడెన్ రచించిన ‘క్యారీస్ వార్’ (1973) మాకు మరింత ప్రియమైనది. రచయిత్రి తానును బాల్యమున వేల్సు గనుల ప్రాంతమునకు పోయి తలదాచుకొన్నదే. క్యారీ, ఆమె తమ్ముడు నిక్ ఒక దుకాణదారుని యింట నుందురు. మెట్లపై పరచిన తివాసీ అరిగిపోవునని పిల్లలు ఎక్కి దిగుటకు సయితము గొణుగు మనిషి! యుద్ధమంతయు వారికి ఆ మెట్లమీదనే జరుగును. లోయలోని మరొక యింట మాత్రము వారికి వెచ్చని వంటగదియు, కథలు చెప్పు హెప్జిబాయు దొరకుదురు. ఆ యింటిలో ఒక పాత పుఱ్ఱె గలదు. దానిని బయటకు తీసికొనిపోయినచో ఇంటికి కీడు మూడునని ప్రతీతి. క్యారీ కోపమున దానిని నీటిలోనికి విసరివేయును. ఊరు విడుచు దినమున, రైలు కిటికీనుండి చూడగా ఆ యిల్లు మండుచుండెను. తప్పు తనదేయని తలచి ఆమె ఎవరికిని జాబు వ్రాయలేదు, అడుగలేదు.

ముప్పది యేండ్లు గడచినవి. తన బిడ్డలను వెంటబెట్టుకొని క్యారీ ఆ యూరు వచ్చును గాని, లోయలోనికి దిగుటకు కాళ్లాడవు. మరునాటి యుదయమున బిడ్డలే దిగిపోవుదురు. అక్కడ హెప్జిబా వారి కొఱకు గ్రుడ్లు ఉడకబెట్టుచు, మీ అమ్మ యేదీయని యడుగును.