తిమ్మప్ప యను పేరు

కృష్ణాతుంగభద్రల నడుమ నడిగడ్డ యనఁబడు సీమయందు, జోగులాంబ గద్వాల జిల్లాలో మల్దకల్ గ్రామము కలదు. ఆదిశిలాక్షేత్రమని ప్రసిద్ధి గాంచిన యచ్చట వెలసిన లక్ష్మీవేంకటేశ్వరుని జనులు తిమ్మప్ప యని పిలుతురు. మార్గశిర మాసమున జాతర జరుగును. ఆ స్వామి పేరే యాసీమయందు మగపిల్లలకుఁ బెట్టుచుందురు. తిమ్మన్న, తిమ్మయ్య, తిమ్మారెడ్డి, స్త్రీలయందుఁ దిమ్మక్క - ఈ పేళ్ళు నడిగడ్డలో వింతలు గావు.

చిక్కెల్లను బడిలో మొదలగును. నిఘంటువులయందుఁ దిమ్మఁడనఁగాఁ గోఁతి యని యున్నది. "తిమ్మిని బమ్మిని జేయుట" యను పలుకుబడికిఁ గోఁతిని బ్రహ్మగాఁ జూపుటయే యర్థమని కొందఱు చెప్పుదురు. ఈ మాట యొకనికిఁ దెలిసినచోఁ దరగతియంతయు నవ్వును. బాలుఁడు సిగ్గుపడి తన పేరు మార్పింపుమని తండ్రిని బాధించును. తాత పేరు పుస్తకమునుండి తొలఁగును. కావున నీ పేరి యర్థమును విచారించుట వట్టి వినోదము గాదు.

తిమ్మ శబ్దము తిరుమల శబ్దమునుండి పుట్టినదని నా నమ్మకము. 'తిరు' యనునది తమిళమున శ్రీవాచకము, 'మల' కొండ. వాడుకలో నడిమి యుకారము జాఱిపోవును. తిర్మలయ్య యని పలుకుట తెలంగాణమున నేఁటికిని వినవచ్చును. పిదప ర్మ యను జంట మ్మ యగుట పండితులకుఁ గ్రొత్త గాదు. ధర్మము ప్రాకృతమున ధమ్మ మైనది, కర్మము కమ్మ మైనది. తుది యక్షరము ముద్దుపేళ్ళలో నిలువదు. నరసింహుఁడు నర్సయ్యయు, వేంకటేశుఁడు వెంకయ్యయు నగుట చూచుచునే యున్నాము.

త్రోవ కలదని చూపినంతనే నిర్ణయము గాదు, నిదర్శనము గావలెను. తాళ్ళపాక అన్నమాచార్యుని భార్య, సుభద్రాకల్యాణకర్త్రి, తిమ్మక్క యనియుఁ దిరుమలమ్మ యనియు రెండు పేళ్ళతోఁ బ్రసిద్ధురాలు. తిరుమలేశుని సేవకే యంకితమైన యింట నీ రెండు పేళ్ళును ఒక్కతెవే యగుటకంటె బలమైన సాక్ష్యము నాకుఁ గానరాదు. కోఁతి యను భావమే జనుల మనస్సున ముందుండినచో, 1515లోఁ గొండవీటిని సాధించిన మంత్రి సాళువ తిమ్మరుసును, పారిజాతాపహరణము రచించిన నంది తిమ్మనయు నీ పేరును దాల్చి యుందురా? తిమ్మరుసులోని 'అరుసు' కన్నడపు అరసు, అనఁగా రాజు.

మఱి కోఁతికీ పేరెట్లు వచ్చెను? కోఁతి నాడించువాఁడు దానిని మనుష్యుల పేరఁ బిలుచుట లోకమున నున్నదే. ఊర నెక్కువగా వినఁబడు పేరే దానికిఁ బెట్టియుండును. ఇది నా యూహ మాత్రమే. రెండును వేఱు మాటలై రూపమునఁ గలిసినను గలియవచ్చును. కోఁతినుండి దేవునికిఁ బేరు వచ్చెననుట మాత్రము పొసఁగదు.

ఇఁక 'అప్ప'. ఉత్తరాంధ్రమున అప్ప యనఁగా నక్క. నడిగడ్డకు రాయచూరు పొరుగు గనుక నిచ్చట నది కన్నడమునందు వలెఁ దండ్రి. కాఁబట్టి తిమ్మప్ప యనఁగాఁ దిరుమల తండ్రి. గ్రామనామము తుదనున్న 'కల్' సయితము కన్నడమున శిలావాచకమే. మన సన్నెకల్లులో నున్నదియు నదియే. ఆదిశిల యను క్షేత్రనామముతో నిది చక్కఁగాఁ బొందుచున్నది.

వేంకటేశ్వరుఁడను పేరు పూజకుఁ దగినది; పొలము గట్టునుండి కేక వేయుటకుఁ దిమ్మప్పయే తగును. అమ్మ, తమ్ముఁడు, నమ్మకము - వీనియందలి మ్మకారమే యిందును గలదు. దేవుని నింటివానిగాఁ జేసికొన్న పేరిది.

ఇట్టి ముడి మనకే కలదనుకొనరాదు. స్కాట్లండులోని కెల్టు జాతి వారు మగపిల్లలకు మాల్కమ్ అను పేరు పెట్టుదురు. గేలిక్ భాషలో దాని మొదటి భాగమునకు ముండితశిరస్కుఁ డని యర్థము. అందుండియే సేవకుఁడను నర్థము వచ్చినది. తుదిభాగము, 563లో అయోనా ద్వీపమున మఠము నెలకొల్పి 597లో గతించిన కొలంబా యను సాధువు పేరు. లాటిను భాషలోఁ గొలంబా యనఁగాఁ బావురము. కొలంబా కొఱకుఁ దల గొఱిగించుకొనిన భక్తుఁడని పేరి తాత్పర్యము. నలువురు స్కాట్లండు రాజులీ పేరు దాల్చిరి. 1798లో హైదరాబాదు రెసిడెంటునకు సహాయుఁడుగా నియమింపఁబడిన జాన్ మాల్కమ్ దొరకు నిదియే యింటిపేరు. పేరిలోఁ బావురమున్నదని రాజులు సిగ్గుపడలేదు. స్వామికి బిడ్డ పుట్టువెండ్రుక లొప్పించి, యా స్వామి పేరే పెట్టుకొను నడిగడ్డ తల్లికి మాల్కమ్ పేరి యర్థము చెప్పినచో నామె వింతపడదు. "అది మా తిమ్మప్ప పేరే గదా" యనును.

ఉపాధ్యాయులకు నా మనవి యొక్కటే. తండ్రి తిమ్మప్ప యని చెప్పినప్పుడు వేంకటేశ్వర్లని దిద్దక, చెప్పినట్లే వ్రాసికొనవలెను. నిఘంటువును సవరించువారు తిమ్మ శబ్దము క్రిందఁ గోఁతి యను నర్థమును దీసివేయ నక్కఱలేదు. తిరుమలభవమైన పురుషనామ మని మఱియొక పంక్తి చేర్చినఁ జాలును.