మార్కండేయుని కడలి, ఉద్దానపు కడలి

మన పురాణములు ఏడు సముద్రములను లెక్కించినవి. ఉప్పునీరు, చెఱకురసము, మద్యము, నేయి, పెరుగు, పాలు, మంచినీరు వానిలో నిండియున్నవట. నందిగాం నుండి తూర్పుగా కొన్ని క్రోసులు నడచిన పిల్లవానికి కనబడునది వీనిలో మొదటిది మాత్రమే. మిగిలిన ఆరును కవుల ఊహలోనివి. ఈ లెక్కలోనికి రాని కడలి మరియొకటి కలదు. దానికి తీరము లేదు. దానిపై గడచిన కాలము మన కాలముతో సరిపోలదు. అది మార్కండేయ మహర్షి చూచిన ప్రళయసముద్రము.

భాగవతము ద్వాదశస్కంధమున ఆ కథ ఉన్నది. పోతన భాగవతములో ఆ స్కంధమును తెనిగించినవాడు వెలిగందల నారయ. మహర్షి హిమాలయమున పుష్పభద్రానదీతీరమందు తపస్సు చేసికొనుచుండగా నరనారాయణులు ప్రత్యక్షమై వరము కోరుకొమ్మన్నారు. నీ మాయను చూపుమని ఆయన అడిగినాడు. తరువాత ఒకనాటి సంధ్యవేళ పెనుగాలి లేచినది. స్తంభములవంటి ధారలతో వాన కురిసినది. నాలుగు సముద్రములును ఏకమై భూమిని ముంచినవి. ఆకలిదప్పులతో, జలచరముల వాతబడుచు, దిక్కు తెలియక మహర్షి లక్షలకొలది ఏండ్లు ఆ నీటిపై కొట్టుకొనిపోయినాడు. తుదకు మఱ్ఱియాకుపై పవళించి కాలివ్రేలు నోటనుంచుకొన్న శిశువు కనబడినాడు. ఆ శిశువు ఊపిరితో లోనికి పోయి చూడగా సకలలోకములును, తన ఆశ్రమముతో సహా, అందున్నవి. మరల ఊపిరితోనే వెలుపలికి వచ్చి కౌగిలింపబోయినాడు. శిశువు లేడు, మఱ్ఱి లేదు, నీరు లేదు. తాను మునుపటివలెనే తన ఆశ్రమములో ఉన్నాడు.

ఈ కథను తరగతిలో చెప్పునప్పుడు రెండు తప్పుదారులు ఎదురగును. అంతయు అబద్ధమని తోసివేయుట ఒకటి. ఐన్‌స్టయిను సిద్ధాంతమును మనవారు ముందే చెప్పినారని పొంగిపోవుట రెండవది. 1905లో ఐన్‌స్టయిను చెప్పినది వేగమునుబట్టి కాలగమనము మారునని. అది కొలిచి సరిచూడదగిన లెక్క. పురాణము చూపునది అనుభవమునుబట్టి మారు కాలము. ఆపదలోనున్న వానికి ఒక రాత్రి ఒక యుగమగును. ఆ మాట సత్యమగుటకు భౌతికశాస్త్రపు సాక్ష్యము అక్కరలేదు.

అట్లని మన కంటియెదుటి ఉప్పుకడలికి కాలముతో పొత్తు లేదనరాదు. అమావాస్యకు, పున్నమకు పోటు పెద్దదని, అష్టమి నాళ్ళకు చిన్నదని తీరమువారికి పంచాంగము విప్పకయే తెలియును. పోటుకు పోటుకు నడుమ సుమారు 12 గంటల 25 నిమిషములు పట్టును. అందుచేత నిన్నటి పోటు నేడు సుమారు 50 నిమిషములు ఆలస్యముగా వచ్చును. చంద్రుడు లాగుచున్న ఈ నీటి ఒరిపిడి భూమి తిరుగుడును కొంచెము కొంచెముగా పట్టి ఆపుచున్నది. నూరేండ్లు గడచునప్పటికి దినప్రమాణము సెకనును వేయి భాగములు చేయగా అందు సుమారు రెండు భాగములు పెరుగును. 1963లో జాన్ వెల్స్ అను అమెరికా శాస్త్రజ్ఞుడు సుమారు 38 కోట్ల ఏండ్లనాటి పగడపు శిలాజములపైని గీతలను లెక్కించి, నాడు ఏడాదికి దాదాపు 400 దినములుండెనని తేల్చినాడు. అనగా నాటి దినము సుమారు 22 గంటలే. తక్కిన రెండు గంటలను కూడబెట్టినది ముఖ్యముగా ఈ ఆటుపోట్లే.

ఇంత నెమ్మదిగా కాలమును పెంచు కడలి, ఒక్కొక్కప్పుడు దానిని ఒక్క గుక్కలో మింగును. 2018 అక్టోబరు 11 తెల్లవారుజామున తిత్లీ తుపాను పలాస సమీపమున తీరము దాటినది. గాలి గంటకు 140 నుండి 150 కిలోమీటర్ల వేగముతో వీచినది. ఉద్యానమను మాటయే ఉద్దానమైనదందురు. ఆ పేరు నిలిపిన కొబ్బరితోటలు, జీడితోటలు విస్తారముగా నేలకొరిగినవి. నాటు కొబ్బరి కాపునకు వచ్చుటకు ఆరేడేండ్లు పట్టును. వచ్చిన పిమ్మట అరువది ఏండ్లు కాచును. తాత నాటినదానిని మనుమడు కోసికొనును. ఆ రాత్రి గడియారము నడచినది కొన్ని గంటలే. తోటలో గడచినది రెండు తరముల కాలము.

మార్కండేయుడు తేరుకొని చూచునప్పటికి ఆశ్రమము చెక్కుచెదరక ఉన్నది. ఉద్దానపు రైతు తలుపు తీసి చూచునప్పటికి తోట పడియున్నది. పురాణపు కడలి తాను మింగినదానిని తిరిగి ఇచ్చినది, బంగాళాఖాతము ఇయ్యలేదు. పోయిన కాలమును మొక్కగా నాటి, నీరు పోసి, మరల పెంచుకొనవలసి వచ్చినది. తుపాను మరుసటి ఏట నాటిన నాటు కొబ్బరి ఇప్పుడిప్పుడే గెల వేయు ఈడునకు వచ్చుచున్నది.

ఈ ప్రాంతపు ఉపాధ్యాయులు మార్కండేయుని కథ చెప్పిననాడు పిల్లలకు ఒక చిన్న పని ఒప్పగింపవచ్చును. తిత్లీలో తమ ఇంటివారి చెట్టు పడినచో దానిని ఎవరు నాటినారో, ఏ ఏట నాటినారో పెద్దలనడిగి వ్రాసికొని రమ్మనవలెను. ఆ చెట్ల ఏండ్లను నల్లబల్లపై వరుసగా వ్రాసి కూడవలెను. ఒక్క రాత్రిలో ఆ తరగతి పిల్లల ఇండ్లనుండి ఎంత కాలము కొట్టుకొనిపోయినదో అంకెలలో కనబడును. మార్కండేయుడు ఒక సంధ్యవేళ లక్షల ఏండ్లు ఈదినాడన్న మాటకు ఆనాడు ఏ పిల్లవాడును నవ్వడు.