పైసలు తీసుకునే ముందు రాయాల్సిన మాట

మెదక్ పట్టణానికి 2022లో రైలు వచ్చింది. అక్కన్నపేట నుంచి మెదక్ దాకా 17 కిలోమీటర్ల దారి అది. పట్టాలు గాలిలో వేయరు కదా! ఎవరి చేనో పోవాలి. రోడ్డయినా, కాలువైనా అంతే. అందుకే భూమి పోయినవాళ్లకు సర్కారు నష్టపరిహారం ఇవ్వాలి.

ఆ పైసలు తక్కువైతే ఎక్కువ అడగొచ్చా? అడగొచ్చు. చట్టంలోనే ఆ హక్కు ఉంది. అయితే చదవకుండా పెట్టిన ఒక్క సంతకంతో ఆ హక్కు పోతుంది కూడా.

మెదక్ దగ్గర ఒకామెకు రెండెకరాలు ఉందనుకుందాం. పట్టా ఆమె పేరనే ఉంది. ఆ భూమి పోతున్నది. ధర ఎట్లా కట్టాలి? 2013 చట్టం ఇట్లా చెబుతుంది. రిజిస్ట్రేషన్ ఆఫీసు ధర చూడాలి. చుట్టుపక్కల మూడేండ్లలో అమ్మిన భూముల ధరలు చూడాలి. వాటిలో ఎక్కువ ధరల సగటు తీయాలి. ఏది ఎక్కువైతే అది పట్టాలి. పల్లె భూమికి దాన్ని రెండింతల దాకా పెంచొచ్చు. చెట్లు, బావి, బోరు, పంట లెక్క వేరే. అన్నీ కలిపి ఎంత తేలితే, అంత సొమ్ము మళ్లీ కలపాలి. లక్ష తేలితే రెండు లక్షలు అన్నమాట.

లెక్క తప్పేది ఇక్కడే. బోరు రాయరు. చింతచెట్టు రాయరు. తరి భూమిని ఖుష్కి అని రాస్తారు. ఆ కాగితం చదివి చూసుకోవాలి. ఒక్క బోరు రాయకపోతే, దాని ధర రెండింతలు పోయినట్టే.

కలెక్టరు తేల్చిన లెక్కను అవార్డు అంటారు. పేరుకు అవార్డే గాని, బహుమతి కాదు! పైసలు తీసుకునేటప్పుడు ఆ కాగితం మీద ఒక మాట రాయాలి: "అభ్యంతరంతో తీసుకుంటున్నాను." అట్లా రాస్తే పైసలూ వస్తాయి, ఎక్కువ అడిగే హక్కూ ఉంటుంది. ఊరికే సంతకం పెట్టి తీసుకుంటే, ఆ తర్వాత అర్జీ చెల్లదు. వేలిముద్ర వేసినా అంతే.

ఇంకో కాగితం ఉంటుంది. "ఇష్టపూర్వకంగా ఇస్తున్నాం" అని అందులో రాసి ఉంటుంది. దాని మీద సంతకం పెడితే ధర ఒప్పుకున్నట్టే. 2015లో తెలంగాణ సర్కారు 123 నంబరు ఉత్తర్వుతో ఇట్లాగే భూములు కొన్నది. అప్పటి మెదక్ జిల్లాలోని జహీరాబాద్ వైపు వ్యవసాయ కూలీలు హైకోర్టుకు పోయారు. భూమి లేకపోయినా, కూలి పోతే తమకూ నష్టమే అన్నారు. 2016 ఆగస్టులో కోర్టు ఆ ఉత్తర్వును కొట్టేసింది. సర్కారు అప్పీలుకు పోయింది. కూలీలకూ సాయం ఇస్తామని కొత్త ఉత్తర్వులు తెచ్చింది. చేతిలో గుంట భూమి లేనివాళ్లు సాధించిన పని ఇది. అయితే ఇష్టపూర్వకంగా ఇచ్చే పద్ధతిని 2017లో రాష్ట్ర చట్టంలోనే చేర్చారు. కాబట్టి ఆ కాగితం ఇప్పుడూ రావచ్చు.

ఇక అర్జీ సంగతి. అవార్డు చెప్పినప్పుడు ఆమె అక్కడే ఉంటే, 6 వారాల్లో కలెక్టరుకు అర్జీ ఇవ్వాలి. లేకపోతే నోటీసు అందిన నాటి నుంచి 6 వారాలు, లేదా అవార్డు నాటి నుంచి 6 నెలలు. ఏది ముందైతే అదే గడువు. ధర ఎందుకు తక్కువో అందులో రాయాలి. కలెక్టరు దాన్ని 30 రోజుల్లో అథారిటీకి పంపాలి. అది కోర్టు లాంటిదే. జాతీయ రహదారికి పోయిన భూమికి మాత్రం దారి వేరు. అక్కడ మధ్యవర్తి దగ్గర అడగాలి.

పక్క చేను ఆయన కేసు గెలిస్తే? అదే నోటిఫికేషన్‌లో ఈమె భూమి కూడా ఉంటే, ఆ తీర్పు వచ్చిన 3 నెలల్లో ఆ ధర తనకూ ఇమ్మని అడగొచ్చు.

వకీలు ఖర్చుకు భయపడనక్కరలేదు. ఆడవాళ్లకు, ఆస్తి ఎంత ఉన్నా, న్యాయ సేవా సంస్థ ఉచితంగా వకీలును పెడుతుంది. 15100కు ఫోన్ చేసినా చెబుతారు. అర్జీ రెండు ప్రతులు రాసుకుని పోవాలి. ఒకటి ఆఫీసులో ఇచ్చి, రెండోదాని మీద తేదీతో ముద్ర వేయించుకుని ఇంటికి తెచ్చుకోవాలి.