ఫోను బిల్లు తప్పుగా వస్తే

కొట్టు నడవాలంటే ఫోను ఉండాలి. ఆ ఫోనుకే తప్పుడు బిల్లు వస్తే ఏం చెయ్యాలి?

భయపడి ఊరుకోకూడదు. పాత బిల్లులు, రసీదులు ఒకచోట పెట్టుకోవాలి. ముందు కంపెనీకి ఫిర్యాదు చెయ్యాలి. వాళ్లిచ్చే ఫిర్యాదు నంబరు రాసిపెట్టుకోవాలి. పని జరగకపోతే కంపెనీలోనే అప్పీలు చేసుకోవచ్చు.

అక్కడా న్యాయం జరగలేదా? జిల్లా వినియోగదారుల కమిషన్ ఉంది.

అహ్మదాబాదులో ఒకాయనకు నెలకు సగటున 555 రూపాయల బిల్లు వచ్చేది. 2013లో ఒక నెల 24,609 రూపాయలు వచ్చింది. ఆయన వినియోగదారుల కోర్టుకు వెళ్లాడు. ఆ కోర్టుకు అధికారమే లేదంటూ కంపెనీ సుప్రీంకోర్టు దాకా పోయింది. అధికారం ఉందని 2022లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది.

"వ్యాపారం చేసేవాళ్లు ఇక్కడికి రాకూడదు" అని కంపెనీ అనవచ్చు. లాభాల కోసం నడిచే పెద్ద వ్యాపారానికి ఆ మాట చెల్లుతుంది. కానీ బతుకుతెరువు కోసం, సొంత కష్టంతో కుట్టుమిషనో కిరాణా కొట్టో నడుపుకునే ఆమె వినియోగదారే. 2019 చట్టం ఆ మాట చెబుతోంది.

తగాదా మొదలైన 2 ఏళ్లలోపు ఫిర్యాదు ఇవ్వాలి. ఫోనుకు కట్టిన సొమ్ము 5 లక్షలు దాటకపోతే ఫీజు లేదు. వకీలు లేకుండా తానే మాట్లాడుకోవచ్చు. కేసు తేలేదాకా ఫోను కోయకుండా ఉత్తర్వు ఇవ్వమని అడగవచ్చు. 1915 నంబరుకు ఫోను చేస్తే సలహా చెబుతారు.

బిల్లు చేతికి రాగానే చదవాలి. చదివితేనే తప్పు దొరుకుతుంది.