ఈ రోడ్డు ఎవరిదండీ?

మా అత్తయ్యగారికి డెబ్భై రెండేళ్ళు. ప్రతి మంగళవారం సాయంత్రం వీధి చివర ఆంజనేయస్వామి గుడికి వెళ్ళి, దీపం పెట్టి, నాలుగు ప్రదక్షిణలు చేసి రావడం ఆవిడకు ఎప్పటినుంచో అలవాటు. పోయినేడు శ్రావణమాసంలో అలా వెళ్ళిన మనిషిని ఆటోలో ఇంటికి తెచ్చారు. మా వీధి పెద్దరోడ్డులో కలిసే చోట కాలువ మీది పలక ఒకటి విరిగిపోయి అప్పటికే నెలన్నర అయింది. పైనున్న వీధిలైటు కూడా వెలగడం లేదు. చీకట్లో కాలు అందులోకి పోయింది, తుంటి ఎముక విరిగింది. ఆపరేషను, రాడ్డు, మూడు నెలల మంచం... ఆ వివరాలు ఎందుకులెండి, పెద్దవాళ్ళున్న ప్రతి ఇంట్లోనూ తెలిసినవే.

నెలన్నరగా వీధిలో అందరం ఆ గోతిని చూస్తూనే ఉన్నాం. ఎవరో గుర్తుగా ఒక వేపకొమ్మ గుచ్చారు. అది ఎండితే ఇంకెవరో ఇంకోటి గుచ్చారు. ఎవరో ఒకరు ఆఫీసులో చెప్పే ఉంటారులే అని ప్రతివాళ్ళం అనుకున్నాం. తీరా అడిగితే ఒక్కరూ చెప్పలేదు! నేనూ చెప్పలేదు. కాబట్టి మొదటి తప్పు నాదే.

అత్తయ్యగారిని ఆస్పత్రి నుంచి తెచ్చిన మర్నాడే బయల్దేరాను. నేను చదివింది ఇంటర్మీడియట్, ఆఫీసుల గుమ్మాలు ఎక్కిన అలవాటు లేదు. మొదటి ఆఫీసులో, "చెత్త అయితే మేం చూస్తాం గానీ పలక ఇంజనీరింగు వాళ్ళది" అన్నారు. అక్కడికి వెళితే, "ఆ రోడ్డు మా లిస్టులో లేదమ్మా" అన్నారు. మూడోచోట, "రోడ్డు మాదే కావచ్చు గానీ కాలువ మాది కాదు" అన్నారు. ఎవరూ కసురుకోలేదు, కూర్చోమన్నారు, ఒకాయన మంచినీళ్ళు కూడా ఇప్పించారు. పని మాత్రం కాలేదు. పదిహేడు రోజులు! మా వారికి విసుగొచ్చి, "ఆ తిరిగే ఆటో డబ్బులతో మనమే ఓ సిమెంటు పలక కొని వేసేద్దాం" అన్నారు. నాకూ అలాగే అనిపించింది. కానీ రేపు అదీ విరిగితే? పక్కన ఇంకోటి విరిగితే?

అసలు సంగతి చెప్పింది రోజూ మా వీధి ఊడ్చే ఆవిడ. "ఏటమ్మా, రోజూ ఆ గోతికి ఫోటోలు తీస్తన్నావు? మాకు ఆ కరెంటు స్తంభం దాకానే ఊడవమని చెప్పారు. అటేపు మనది కాదు, ఆళ్ళదట" అంది. ఆళ్ళెవరు అంటే ఆవిడకీ తెలీదు. కానీ ఆ స్తంభం దగ్గరే నాకు బుర్ర వెలిగింది. నేను ఇన్నాళ్ళూ "ఎవరికి చెప్పాలి?" అని అడుగుతున్నాను. అడగవలసింది "ఇది ఎవరిది?" అని.

మన విశాఖపట్నంలో ఈ ప్రశ్న మిగతా ఊళ్ళలో కంటే ఎక్కువ అవసరం. ఎందుకంటారా? ఈ ఊరికి యజమానులు చాలామంది. 1933లో ఓడరేవు తెరిచిన దగ్గరనుంచీ పోర్టుకు సొంత భూములు, సొంత రోడ్లు, సొంత క్వార్టర్లు. రైల్వేకు రైల్వేవి. నేవీ సంగతి సరేసరి. షిప్‌యార్డుకు, రిఫైనరీకి వాళ్ళ కాలనీలు. మల్కాపురం వైపు బస్సులో వెళుతూ చూడండి, ఒక్క టిక్కెట్టు మీద ఎన్ని గోడలు, ఎన్ని గేట్లు దాటతామో. ప్రతి గోడకీ ఒక యజమాని. ఆ గోడ పక్కనున్న కాలువకీ ఒకరుంటారు, కాకపోతే ఆ పేరు గోడమీద రాసి ఉండదు.

మా తోడికోడలు ఉక్కునగరం క్వార్టర్సులో ఉంటుంది. కుళాయి రాకపోయినా, దీపం వెలగకపోయినా స్టీల్‌ప్లాంటు వాళ్ళ టౌన్ అడ్మినిస్ట్రేషనుకే చెప్పుకుంటుంది. అదే గేటు దాటి కూర్మన్నపాలెం వచ్చిందా, కార్పొరేషను. మా ఆడపడుచుది ఇంకా చిత్రం. ఆవిడది అనకాపల్లి. 2013లో అనకాపల్లినీ, భీమునిపట్నాన్నీ మహా విశాఖ నగరపాలక సంస్థలో కలిపారు. 2022 ఏప్రిల్‌లో జిల్లాలు విడగొట్టినప్పుడు అనకాపల్లి వేరే జిల్లాకు ముఖ్యపట్టణం అయింది. కాబట్టి ఆవిడ చెత్తబండి రాలేదని చెప్పుకోవలసింది విశాఖ కార్పొరేషనుకు, కలెక్టరుగారికి అర్జీ పెట్టుకోవలసింది అనకాపల్లిలో. "మేం ఎవరి పిల్లలం వదినా?" అని నవ్వుతుంది.

మా నాన్నగారి కాలంలో ఇంత తికమక లేదు. మునిసిపాలిటీ అంటే ఒక్కటే ఆఫీసు, ఒక్క బిళ్ళబంట్రోతుకు ఊరంతా తెలిసేది. 1979లో అది కార్పొరేషను అయింది. 2005లో గాజువాక మునిసిపాలిటీ, 32 పల్లెలు వచ్చి చేరాయి. ఊరు పెరిగిందిగానీ ఎక్కడ ఏం అడగాలో మనకెవరూ నేర్పలేదు. కార్పొరేటరుగారింటికి వెళదామన్నా, 2012లో వాళ్ళ పదవీకాలం అయిపోయాక 2021 మార్చి దాకా ఎన్నికలే జరగలేదు. తొమ్మిదేళ్ళు! ఒక పిల్ల ఒకటో తరగతి నుంచి తొమ్మిదికి వచ్చేస్తుంది.

సరే, నా పలక సంగతికి వద్దాం. మా తమ్ముడు సలహా ఇచ్చాడు: "అక్కా, ఫిర్యాదు రాయకు. సమాచారహక్కు చట్టం కింద ఒక ప్రశ్న రాయి." 2005లో వచ్చిన చట్టమే. తెల్లకాగితం మీద తెలుగులో రాసుకోవచ్చు, ఎందుకు అడుగుతున్నావని వాళ్ళు అడగకూడదు. ఫీజు పది రూపాయలు. మండల స్థాయి ఆఫీసుకైతే ఐదు, గ్రామ స్థాయిలో అదీ లేదు. ముప్ఫై రోజుల్లో జవాబు ఇవ్వాలి. నాకు అన్నిటికంటే నచ్చింది ఏమిటంటే, మనం పొరపాటున వేరే ఆఫీసుకు రాసినా, అది తమది కాకపోతే ఐదురోజుల్లోగా అసలువాళ్ళకు వాళ్ళే పంపించి మనకు ఆ మాట తెలియజేయాలి. అంటే మనల్ని తిప్పడం కాదు, కాగితమే తిరగాలన్నమాట!

రెండే ప్రశ్నలు రాశాను. ఫలానా స్తంభం నంబరు నుంచి ఫలానా గోడ వరకు ఉన్న రోడ్డూ, దాని పక్క కాలువా ఎవరి అధీనంలో ఉన్నాయి? వాటి మరమ్మతు చూడవలసిన అధికారి హోదా ఏమిటి? అంతే. మా అత్తయ్యగారి తుంటి గురించి ఒక్క ముక్క రాయలేదు. రాయాలని చెయ్యి లాగింది, తమ్ముడు వద్దన్నాడు.

ఇరవై ఆరో రోజున ఉత్తరం వచ్చింది. ఆ ముక్క పట్టణానిది కాదు, ఒక సంస్థది. పేరు వద్దులెండి. ఆ ఉత్తరం జిరాక్సు పట్టుకుని నేరుగా అక్కడికే వెళ్ళాను. లోపలివాళ్ళకు కూడా అది తమదని తెలియదట! నాలుగు రోజుల్లో కొత్త పలక పడింది, పక్కన బీటవేసిన మరో రెండూ మార్చారు. మా వారు వెళ్ళి దానిమీద రెండుసార్లు గెంతి చూసి వచ్చారు.

అప్పటినుంచీ వంటింట్లో ఉప్పుజాడీ పక్కన ఒక నోటుపుస్తకం పెట్టాను. మొదటి పేజీలో ఇంటిపన్ను అసెస్‌మెంటు నంబరు, కుళాయి కనెక్షను నంబరు, కరెంటు బిల్లు మీద ఉండే సర్వీసు నంబరు. ఎక్కడికి ఫోను చేసినా ముందు అడిగేవి ఇవే, అప్పుడు బీరువా వెతుక్కుంటూ కూర్చోకూడదు. రెండో పేజీలో మా వీధి స్తంభాల నంబర్లు. "పాలబూత్ ఎదురుగా" అంటే ఏ పాలబూతో వాళ్ళకేం తెలుస్తుంది? స్తంభం నంబరు చెబితే వెతుక్కోనక్కర్లేదు.

స్తంభం అన్నాను కదా, ఇందులో మరో మెలిక. స్తంభం, తీగ కరెంటు కంపెనీవి, అంటే ఈపీడీసీఎల్‌వి. దానికి వేలాడే వీధిలైటు మాత్రం కార్పొరేషనుది. తీగ తెగినా, కొమ్మ తీగకు తగిలి నిప్పురవ్వలు వస్తున్నా 1912. బల్బు వెలగకపోతే కార్పొరేషను టోల్‌ఫ్రీ 1800 425 00009, లేదా మీ వార్డు సచివాలయం. నేను రెండేళ్ళపాటు బల్బు గురించి లైన్‌మన్‌ను సాధించాను, పాపం ఆయన నవ్వి ఊరుకునేవాడు.

వార్డు సచివాలయాలు 2019లో పెట్టిన ఏర్పాటు. అప్పట్లో వాలంటీర్లు ఇంటికే వచ్చేవారు కాబట్టి మనం ఆ గుమ్మం ఎక్కలేదు. ఇప్పుడు వాళ్ళు లేరు, మనమే వెళ్ళాలి. వెళ్ళి ఊరికే "సచివాలయంలో చెప్పాను" అనుకుంటే లాభం లేదు. నీళ్ళు, రోడ్లు, లైట్లు చూసేది ఎమినిటీస్ సెక్రటరీ. చెత్త, కాలువ పూడిక శానిటేషన్ సెక్రటరీ. ఇంటి ప్లాను, పక్కవాళ్ళు గోడ ముందుకు జరపడం ప్లానింగు సెక్రటరీ. ఈమధ్య సిబ్బందిని అటూ ఇటూ సర్దారు కాబట్టి మీ సచివాలయంలో ఏ పని ఎవరు చూస్తున్నారో ఒకసారి కనుక్కుని రాసుకోండి. మనిషి పేరు కంటే హోదా రాసుకోవడం మేలు, మనుషులు బదిలీ అయిపోతారు.

ఇంకో సంగతి, ఇది ఆడపిల్లల తల్లులు ముఖ్యంగా గుర్తుంచుకోవాలి. పురిటికి వచ్చిన పిల్ల మన ఊళ్ళో ప్రసవిస్తే బిడ్డ జననం ఇక్కడే నమోదవుతుంది. అల్లుడిగారి ఊళ్ళో కాదు. జననం ఎక్కడో, రికార్డు అక్కడ. మా ఎదురింటావిడ మనవడి సర్టిఫికెట్టు కోసం వియ్యాలవారు విజయనగరంలో మూడుసార్లు అడిగి లేదనిపించుకున్నారు. బాబు పుట్టింది ఇక్కడ కేజీహెచ్‌లో! పుట్టిన 21 రోజుల్లోగా నమోదు అయిపోతే ఏ ఖర్చూ లేదు. ఏడాది దాటితే మేజిస్ట్రేటు ఉత్తర్వు దాకా వెళుతుంది. పైగా 2023 అక్టోబరు 1 తర్వాత పుట్టిన పిల్లలకు బడిలో చేర్చడానికీ, పాస్‌పోర్టుకూ పుట్టినతేదీ రుజువు ఆ ఒక్క కాగితమే.

ఏ ఆఫీసూ కదలకపోతే సోమవారాలున్నాయి. కలెక్టరేటులోనూ, ఆశీల్‌మెట్ట దగ్గర తెన్నేటి భవన్‌లో ఉన్న కార్పొరేషను పెద్దాఫీసులోనూ ఆరోజు అర్జీలు తీసుకుంటారు. 1100కు ఫోను చేసినా నమోదు చేసుకుంటారు. ఎక్కడ చెప్పినా ఫిర్యాదు నంబరు అడిగి తీసుకోండి. నంబరు లేని ఫిర్యాదు నీళ్ళమీద రాతే. నేను మొదటి పదిహేడు రోజులూ తిరిగిన ఆఫీసుల్లో ఒక్కచోట కూడా నంబరు అడగలేదు. రేపు ఎవరైనా "మీరు చెప్పారా?" అంటే చూపించడానికి నా దగ్గర ఆటో చార్జీల లెక్క తప్ప ఏమీ లేదు.

అత్తయ్యగారు ఇప్పుడు చేతికర్ర పట్టుకుని గుడికి వెళుతున్నారు, పక్కన నేనో మా అమ్మాయో ఉంటాం. ఆ పలక దగ్గరకు రాగానే ఆవిడ ఆగి, కర్రతో రెండుసార్లు తట్టి, అప్పుడు అడుగు వేస్తారు. లైటు మాత్రం మొన్న గాలివానకు మళ్ళీ పోయింది. స్తంభం నంబరు చెప్పి ఫోను చేశాను, ఫిర్యాదు నంబరు ఇచ్చారు, పుస్తకంలో పద్నాలుగో పేజీలో రాశాను. ఇవాళ్టికి రెండోరోజు.