హైవే దాటే మనిషి

ఇల్లు రోడ్డుకు ఇవతల, చేను అవతల. మధ్యలో దూరం అరవై మీటర్లు. నాలుగు వరసల తారురోడ్డు, నడుమ డివైడర్, దాని మీద ఎర్ర గన్నేరు మొక్కలు, రెండు అంచుల్లోనూ ఇనుప రెయిలింగు. ఆ రెయిలింగును ఎవరో ఒకచోట వంచి మనిషి పట్టేంత సందు చేశారు. పొద్దున్నే సద్దిగిన్నెతో వచ్చిన ఆడమనిషి ఆ సందులోంచి దూరుతుంది. కుడివైపు చూసి, లారీకీ లారీకీ మధ్య ఖాళీ దొరగ్గానే రెండు వరసలు గబగబా దాటుతుంది. చీర కుచ్చిళ్లు ఎత్తి పట్టుకుని గన్నేరు మొక్కల మధ్య నిలబడుతుంది. ఈసారి ఎడమవైపు చూడాలి. గంటకు వంద కిలోమీటర్ల వేగంతో వచ్చే కారు ఒక్క సెకనులో 28 మీటర్లు వస్తుంది. ఆ వేగం చట్టం ఒప్పుకున్నదే. ఆమె లెక్కంతా కంటిచూపు మీదే నడుస్తుంది.

అండర్‌పాస్ లేదా అంటే ఉంది, కిలోమీటరున్నర అవతల. అక్కడిదాకా నడిచి, కింద నుంచి దాటి, మళ్లీ వెనక్కి వస్తే మూడు కిలోమీటర్లు. సాయంత్రం పశువులతో తిరిగొచ్చేటప్పుడు ఇంకో మూడు. విజయవాడ నుంచి ఒంగోలు వైపు వెళ్లినా, హైదరాబాద్ నుంచి కర్నూలు వైపు వెళ్లినా కారు అద్దంలోంచి ఈ దృశ్యం కనిపించని ప్రయాణం ఉండదు.

పూర్వపు మహబూబ్‌నగర్ జిల్లాలో పెద్దకుంట అనే తండా ఉంది. బెంగళూరు హైవే బైపాస్ ఆ తండాను మిగతా ఊళ్ల నుంచి విడదీసింది. పింఛనుకైనా, రేషనుకైనా, కూలి పనికైనా రోడ్డు దాటాల్సిందే. అలా దాటుతూ ఏళ్ల తరబడి ఒకరి తర్వాత ఒకరు మగవాళ్లు చనిపోయారు. చివరికి పత్రికలు దానికి ‘హైవే వితంతువుల ఊరు’ అని పేరు పెట్టాయి. విదేశీ విలేకరులు కూడా వచ్చి రాసి వెళ్లారు. ఒక రోడ్డు వల్ల ఒక ఊరికి అలాంటి పేరు వచ్చిందంటే ఆ రోడ్డు డిజైన్‌లోనే ఏదో తప్పు ఉన్నట్టు.

మన జాతీయ రహదారులు ఎంత పెరిగాయో ఎవరూ కాదనలేరు. ఆ పెరుగుదల చూసి గర్వపడటంలోనూ తప్పు లేదు. అయితే ఈ రోడ్లను మనం వాటి మీద ప్రయాణించేవాళ్ల కోసం వేశాం. పక్కన బతికేవాళ్ల కోసం, అడ్డంగా దాటేవాళ్ల కోసం వేయలేదు. వేశాక ఎలా చూసుకోవాలన్నదీ పెద్దగా పట్టించుకోలేదు. ఈ కథనం దాని గురించే.

నాగపూర్ నుంచి నాలుగు వరసల దాకా

1943లో నాగపూర్‌లో చీఫ్ ఇంజినీర్లు సమావేశమై దేశంలోని రోడ్లను జాతీయ, రాష్ట్ర, జిల్లా, గ్రామీణ రోడ్లుగా విడదీశారు. 1956లో జాతీయ రహదారుల చట్టం వచ్చింది. ఆనాటికి జాతీయ రహదారుల పొడవు దాదాపు 20 వేల కిలోమీటర్లు. 2014 నాటికి అది 91 వేలు దాటింది. ఇప్పుడు 1,46,000 కిలోమీటర్ల పైమాటే. ఇందులో కొంత భాగం కొత్తగా వేసింది కాదు, ఉన్న రాష్ట్ర రహదారులనే జాతీయ రహదారులుగా ప్రకటించారు. దేశంలోని మొత్తం రోడ్లలో వీటి వాటా రెండు శాతం కొద్దిగా పైన, మోసేది మాత్రం దాదాపు 40 శాతం ట్రాఫిక్.

అసలు మలుపు 1999 జనవరి 6న వచ్చింది. ఢిల్లీ, కోల్‌కతా, చెన్నై, ముంబై నగరాలను కలిపే 5,846 కిలోమీటర్ల స్వర్ణ చతుర్భుజికి ఆ రోజు ప్రధాని వాజ్‌పేయి శంకుస్థాపన చేశారు. అందులో అన్ని రాష్ట్రాలకన్నా పెద్ద వాటా ఆంధ్రప్రదేశ్‌దే. ఇచ్ఛాపురం నుంచి తడ దాకా 1,014 కిలోమీటర్లు. అప్పటిదాకా అందరూ ‘ఐదో నంబరు రోడ్డు’ అని పిలిచే ఆ దారి ఒకే వరస పోవడం, ఒకే వరస రావడంగా ఉండేది. లారీని దాటాలంటే ఎదురుగా వచ్చే హెడ్‌లైట్లతో పందెం కాయాల్సిందే. నాలుగు వరసలయ్యాక ఎదురెదురు ఢీకొనడం తగ్గింది, ప్రయాణ కాలం తగ్గింది, కృష్ణపట్నం, విశాఖ రేవులకు సరుకు తేలిగ్గా చేరింది. రావులపాలెంలో రోడ్డు పక్క పూతరేకుల దుకాణాలకు గిరాకీ పెరిగింది. ఇదంతా నిజమైన మేలు.

ఆ మేలు వెనుక ఒక పేరు ఉంది, మరిచిపోకూడనిది. జాతీయ రహదారుల ప్రాధికార సంస్థలో పనిచేసే యువ ఇంజినీరు సత్యేంద్ర దూబే బిహార్‌లో స్వర్ణ చతుర్భుజి పనుల్లో జరుగుతున్న అవినీతి గురించి ప్రధాని కార్యాలయానికి ఉత్తరం రాశారు. తన పేరు బయటపెట్టవద్దని అందులో కోరారు. పేరు బయటపడింది. 2003 నవంబరు 27న గయలో ఆయన్ని కాల్చి చంపారు. రోడ్డు నాణ్యత గురించి అడిగిన ఒక ఇంజినీరు ప్రాణం ఈ దేశంలో అలా పోయింది. ఇవాళ మనం ఆ దారిలో సాఫీగా వెళ్తున్నప్పుడు ఆయనకు బాకీ ఉన్నామని గుర్తుంచుకోవాలి.

2010లో నంబర్లు మారాయి. ఉత్తర దక్షిణాలుగా వెళ్లే ప్రధాన రహదారులకు సరి సంఖ్యలు, తూర్పు పడమరలుగా వెళ్లేవాటికి బేసి సంఖ్యలు. అలా ఐదు 16 అయింది, ఏడు 44లో కలిసింది, తొమ్మిది 65 అయింది. శ్రీనగర్ నుంచి కన్యాకుమారికి వెళ్లే 44, పుణె నుంచి మచిలీపట్నం వచ్చే 65 హైదరాబాద్‌లో కలుస్తాయి. మూడంకెల నంబరుంటే అది ఏదో ఒక పెద్ద రోడ్డుకు పాయ. తాండూరు వైపు వెళ్లే 163 అలా 63కు పాయ.

డబ్బు ఎవరిది?

పెట్రోలు, డీజిలు పోయించుకున్న ప్రతిసారీ రోడ్డు సెస్సు కడుతున్నాం. టోల్ ప్లాజాలో మళ్లీ కడుతున్నాం. ఈ రెండూ చాలక ప్రాధికార సంస్థ అప్పులు తెచ్చింది. ఒక దశలో ఆ అప్పు మూడు లక్షల కోట్ల రూపాయలు దాటింది. మొదట్లో ప్రైవేటు సంస్థలే సొంత ఖర్చుతో రోడ్డు వేసి, టోల్ వసూలు చేసుకుని, గడువు తీరాక తిరిగి ఇచ్చేసేవి. ట్రాఫిక్ అంచనాలు తప్పడంతో, భూమి సకాలంలో చేతికి రాకపోవడంతో చాలా సంస్థలు అప్పుల్లో కూరుకుపోయాయి. 2016లో హైబ్రిడ్ యాన్యుటీ పద్ధతి వచ్చింది. ఖర్చులో 40 శాతం పని నడుస్తుండగానే ప్రభుత్వం ఇస్తుంది, మిగతాది తర్వాత వాయిదాల్లో చెల్లిస్తుంది. వేసిన రోడ్లను కౌలుకిచ్చినట్టు ఇచ్చే పద్ధతి 2018లో మొదలైంది. ఆంధ్రప్రదేశ్, గుజరాత్‌లలోని తొమ్మిది భాగాలు, మొత్తం 681 కిలోమీటర్లు, తొలి విడతలో 9,681 కోట్లకు ఒక ఆస్ట్రేలియా సంస్థకు వెళ్లాయి.

జనానికి ఈ పద్ధతుల పేర్లతో పని లేదు. వాళ్లకు కనిపించేది టోల్ ప్లాజా. సంక్రాంతి ముందు రోజుల్లో చౌటుప్పల్ దగ్గర పంతంగి ప్లాజా చూస్తే తెలుస్తుంది. హైదరాబాద్‌లో సగం నగరం తూర్పుకు కదిలినట్టుంటుంది. పిల్లలు కిటికీల్లోంచి తలలు బయటపెట్టి చూస్తుంటారు, పల్లీలు, నీళ్ల సీసాలు అమ్మేవాళ్లు బండ్ల మధ్య తిరుగుతుంటారు. 2021 ఫిబ్రవరిలో ఫాస్టాగ్ తప్పనిసరి అయ్యాక క్యూలు తగ్గిన మాట నిజం. 2025 ఆగస్టు 15 నుంచి సొంత కార్లకు 3,000 రూపాయల వార్షిక పాసు వచ్చింది. 200 సార్లు ప్లాజాలు దాటొచ్చు, లేదా ఏడాది, ఏది ముందైతే అది.

టోల్ కట్టడానికి చాలామందికి పెద్ద అభ్యంతరం లేదు. గుంతల రోడ్డుకు కట్టాల్సి రావడమే బాధ. 2025 ఆగస్టులో కేరళ హైకోర్టు త్రిశ్శూర్ జిల్లా పాలియెక్కర ప్లాజాలో వసూలును తాత్కాలికంగా నిలిపేసింది. రోడ్డు పాడై గంటల తరబడి ట్రాఫిక్ ఆగిపోతుంటే డబ్బు ఎలా అడుగుతారన్నది అక్కడ ప్రశ్న. ప్రాధికార సంస్థ సుప్రీంకోర్టుకు వెళ్లినా ఊరట దొరకలేదు. టోల్ అనేది పన్ను కాదు, సేవకు రుసుము. సేవ లేనప్పుడు రుసుము ఆగాలి. ఒక్క ప్లాజాకు వర్తించిన ఈ మాట దేశమంతటికీ నియమం కావాలి.

గుంతలు ఊరికే పడవు. రోడ్డంటే చదును చేసి గట్టిపరచిన మట్టి, దాని మీద గ్రావెల్, తడిపి రోలర్‌తో తొక్కించిన కంకర, ఆ పైన రెండు మూడు పొరల తారు. నీళ్లు నిలిచాయంటే రోడ్డు పైనుంచి కాదు, లోపలి నుంచి పాడవుతుంది. రెండో శత్రువు అధిక లోడు. ఇరుసు మీద బరువు రెట్టింపయితే రోడ్డుకు జరిగే నష్టం పదహారు రెట్లవుతుందని 1950ల చివర్లో అమెరికాలో జరిగిన ప్రయోగాల నుంచి ఇంజినీర్లు నేర్చుకున్నారు. ఇసుక, కంకర టిప్పర్లు నిండుగా పోసుకుని వెళ్తుంటే తూకం వేసి ఆపాల్సినవాళ్లు ఆపకపోతే, ఆ రోడ్డు బాగుకు మళ్లీ మనమే టోల్ కడతాం.

ఎవరు చనిపోతున్నారు

2022లో దేశంలో రోడ్డు ప్రమాదాల్లో 1,68,491 మంది చనిపోయారు. అందులో 61 వేల మంది జాతీయ రహదారుల మీద. రెండు శాతం రోడ్ల మీద 36 శాతం చావులు. అన్ని రోడ్ల మీదా కలిపి చనిపోయినవాళ్లలో 44.5 శాతం బైకుల మీద వెళ్లేవాళ్లు, 19.5 శాతం నడిచి వెళ్లేవాళ్లు. అంటే కారులో ఉన్నవాళ్లు కాదు, రోడ్డు ఎవరిని దృష్టిలో పెట్టుకోలేదో వాళ్లే ఎక్కువగా పోతున్నారు.

రాంగ్ రూటులో వచ్చే బైకును చూసి మనం తిట్టుకుంటాం. తప్పే. కానీ యూటర్న్ రెండు కిలోమీటర్ల అవతల ఉండి, సర్వీస్ రోడ్డు సగంలో ఆగిపోయి, మిగతా సగంలో ధాన్యం ఆరబోసి ఉంటే ఆ ఊరివాడు ఏం చేస్తాడో కూడా ఆలోచించాలి. 500 మీటర్ల నిడివిలో మూడేళ్లలో మనుషులు చనిపోయే, తీవ్రంగా గాయపడే ప్రమాదాలు ఐదు జరిగితేనో, పది మంది చనిపోతేనో దాన్ని బ్లాక్‌స్పాట్ అంటారు. అంటే ఒక ఊరి కూడలికి అండర్‌పాస్ కావాలని ప్రభుత్వం నమ్మడానికి ముందు అక్కడ రక్తం పారాలి. ఈ నిర్వచనం మారాలి. ఊరు, బడి, బస్టాపు, చేలకు వెళ్లే బాట ఉన్న ప్రతిచోటా దాటే దారి డిజైన్‌లోనే ఉండాలి.

విస్తరణ ఆగినా ప్రాణాలు పోతాయి. 2025 నవంబరు 3న చేవెళ్ల దగ్గర మీర్జాగూడలో ఆర్టీసీ బస్సును కంకర టిప్పర్ ఢీకొని 19 మంది చనిపోయారు. అది రెండు వరసల 163వ నంబరు రోడ్డు. దాని విస్తరణ ఏళ్లపాటు నలిగింది, దారి పొడవునా వందేళ్ల నాటి మర్రిచెట్ల మీద కేసు నడిచింది. చెట్లను కాపాడాలన్నవాళ్లు తప్పు కాదు, రోడ్డు కావాలన్నవాళ్లూ తప్పు కాదు. చెట్లను మధ్యలో ఉంచి పక్క నుంచి రోడ్డు తీసే పరిష్కారాన్ని మొదటి రోజే కూర్చుని మాట్లాడుకోకపోవడమే తప్పు.

కొరిశపాడు దగ్గర పదహారో నంబరు రహదారి మీద యుద్ధవిమానాలు దిగేందుకు 4 కిలోమీటర్ల రన్‌వే ఉంది. 2022 డిసెంబరులో దాన్ని పరీక్షించి చూశారు. అంత నేర్పు ఉన్న ఇంజినీర్లకు గేదెలు దాటడానికి ఒక పెట్టె కల్వర్టు కట్టడం కష్టమేమీ కాదు. అడిగేవాళ్లు కావాలి, అడిగిన చోట వినాలి.

రైతు మాట

భూమి ఇచ్చేవాడిది మరో కథ. 1997 తర్వాత జాతీయ రహదారులకు తీసుకున్న భూములకు ఇతర భూసేకరణల్లో భూమి విలువకు అదనంగా ఇచ్చే సొలేషియం, వడ్డీ ఇవ్వలేదు. అదే ఊళ్లో కాలవకు భూమి పోయినవాడికి వచ్చింది, హైవేకు పోయినవాడికి రాలేదు. 2019లో తర్సేమ్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు ఇది అన్యాయమని తేల్చింది. 2015 నుంచి కొత్త భూసేకరణ చట్టం ప్రకారం పరిహారం పెరిగింది. అయినా హైదరాబాద్ చుట్టూ ప్రాంతీయ రింగు రోడ్డు కోసం అలైన్‌మెంట్ గీసినప్పుడు భువనగిరి, చౌటుప్పల్ రైతులు రోడ్డెక్కారు. రేటు ఎంతైనా, ఉన్న రెండెకరాలూ పోతే డబ్బుతో ఏం చేయాలో తెలియదన్నది వాళ్ల బాధ. ఉన్న చేను రోడ్డుకు రెండు ముక్కలై, అవతలి ముక్కకు బాట లేకపోతే అది పోయిన దానితో సమానం.

కాబట్టి ఈ కథనం చదివే రైతులకు, సర్పంచులకు ఒక మాట. మీ ఊరి మీదుగా కొత్త హైవేగానీ, విస్తరణగానీ వస్తుంటే భూసేకరణ ప్రకటన గెజిట్‌లో వస్తుంది. సర్వే నంబర్లతో స్థానిక భాషా పత్రికలోనూ వేస్తారు. గెజిట్‌లో వచ్చిన తేదీ నుంచి అభ్యంతరం చెప్పడానికి చట్టం ఇచ్చిన గడువు 21 రోజులు. పరిహారం ఎంత అన్నదొక్కటే రాసి ఊరుకోకండి. చేలకు ఎక్కడ నుంచి వెళ్లాలి, బడి పిల్లలు ఎక్కడ దాటాలి, వాగు నీళ్లు ఎటు పోవాలి, సర్వీస్ రోడ్డు ఎక్కడిదాకా ఉండాలి, ఇవన్నీ గ్రామసభలో తీర్మానం చేసి, మ్యాపు గీసి, భూసేకరణ అధికారికీ, ప్రాజెక్టు డైరెక్టరుకూ రాతపూర్వకంగా ఇచ్చి రసీదు తీసుకోండి. రోడ్డు ఇప్పటికే పడి ఉంటే 1033కు ఫోన్ చేసి ఫిర్యాదు నమోదు చేయించండి. ప్రమాదం జరిగితే క్షతగాత్రులను వెంటనే ఆసుపత్రికి తీసుకెళ్లండి. సాయం చేసినవాళ్లను వేధించకుండా చట్టం రక్షణ ఇస్తుంది, ఏడు రోజుల్లో లక్షన్నర రూపాయల దాకా నగదు లేని చికిత్సకు 2025 నుంచి పథకం ఉంది.